గౌరవ సభ్యులు బసవన్న గారు

వెదురుకుంట నగరంలో కలిసిపోయిందన్న సంగతి నగరానికి ముందు తెలిసింది, వెదురుకుంటకు తర్వాత తెలిసింది. ఒక పొద్దున ఊరివాళ్లు లేచి చూసేసరికి పొలిమేరలో నీలం బోర్డు పాతి ఉంది. దాని మీద ఊరి పేరు లేదు, వార్డు నంబరు ఉంది. మనుషులు దాన్ని చదివి తమ పనుల్లోకి పోయారు. బర్రెలు మాత్రం ఆ స్తంభానికి ఒళ్లు రుద్దుకుని, నగరం వల్ల ఒక మేలైనా జరిగిందని తేల్చుకున్నాయి.

సాయిలుకు ఈ గొడవలేవీ పట్టలేదు. అతను గంగిరెద్దు ఆడించేవాడు. మెడలో డోలు, చేతిలో సన్నాయి, పక్కన బసవన్న, ఇదీ అతని సంసారం. పెళ్లాం పోయింది, పిల్లలు లేరు. చుట్టుపక్కల ఊళ్ల ఆడవాళ్లు ఇచ్చిన పాత చీరలన్నీ కలిపి కుట్టిన బొంత బసవన్న వీపు మీద ఉండేది. ఏ వాకిట్లో ఆగినా ఆ ఇంటి చీర అంచు ఒకటి అందులో కనిపించేది కాబట్టి, ఇల్లాలు దాన్ని గుర్తుపట్టి, నవ్వుకుని, చాటలో గింజలు ఇంకో దోసెడు ఎక్కువే తెచ్చేది.

దూడప్పుడే సాయిలు దానికి ఒక విద్య నేర్పాడు. ఎవరైనా గొంతు సాగదీసి ఏదైనా అడిగితే చాలు, తల కిందికీ మీదికీ ఊపడం. పంట పండుతుందా అంటే ఊపుతుంది, కోడలు కడుపు పండుతుందా అంటే ఊపుతుంది. కాదనే ఎద్దుకు గింజలెవరు పోస్తారు? పిల్లల్ని నవ్వించడానికి మాత్రం రెండో విద్య ఒకటుంది. "దొంగోని ఇంటికి పోతవా?" అని సాయిలు డోలు అంచు మీద పుల్లతో టకటకా కొడితే, అప్పుడు మాత్రం తల అడ్డంగా తిప్పేది. ఈ రెండు విద్యలతో వాళ్లిద్దరి బతుకూ సాఫీగా వెళ్లిపోతోంది.

అలాంటి రోజుల్లో బడి ముందు షామియానా వేశారు. పక్క ఊరి నుంచి వస్తున్న సాయిలు దూరం నుంచి షామియానా చూసి, ఎవరింట్లోనో పెళ్లి అనుకున్నాడు. సన్నాయి ఊదుకుంటూ నేరుగా లోపలికి నడిచాడు. అది పెళ్లి కాదు. జోనల్ అధికారి ప్రద్యుమ్నరావు గారి అవగాహనా సదస్సు. నగర పౌరుల బాధ్యతల గురించి ఆయన అప్పటికి చాలాసేపుగా మాట్లాడుతున్నారు, ఊరివాళ్లు అంతసేపూ చప్పట్లు కొట్టకుండా కూర్చున్నారు. చివర్లో సందేహాలుంటే అడగమంటే, ఎల్లవ్వ అనే ముసలావిడ లేచి, ఊరు నగరమైనాక బర్రెల్ని ఎక్కడ కట్టేసుకోవాలని అడిగింది. ఆ అంశం రెండో దశలో పరిశీలనకు వస్తుందని ఆయన చెప్పారు. రెండో దశ దాకా బర్రెలు ఎక్కడ నిలబడాలో చెప్పలేదు.

సరిగ్గా ఆ సమయంలో సన్నాయి వినిపించింది. పెళ్లికొడుకు కోసం వెతికిన సాయిలుకు దండలు వేసుకున్నవాడు ప్రద్యుమ్నరావు గారొక్కరే కనిపించారు. "సారుకు దండం పెట్టు" అన్నాడు. బసవన్న ముందు కాళ్లు మడిచి వంగింది. వెదురుకుంటలో ఆయనకు వంగిన మొదటి ప్రాణి అదే. ఆయన మనసు కరిగిపోయింది. వేదిక దిగి వచ్చి, దాని గంగడోలు నిమిరి, నగరంలో కలవడం నీకు సంతోషమేనా అని గొంతు సాగదీసి అడిగారు. బసవన్న తలూపింది.

మర్నాడు పేపర్లో బొమ్మ పడింది. విలీనాన్ని మూగజీవాలు సైతం స్వాగతిస్తున్నాయని దాని కింద రాశారు. పైనుంచి ప్రద్యుమ్నరావు గారికి అభినందనలు వచ్చాయి. అభినందనలు వచ్చిన అధికారి ఊరుకుంటే లోకానికి ఏ బాధా ఉండదు. ఆయన ఊరుకోలేదు.

విలీనమైన ప్రతి ఊరి నుంచీ సలహా మండలిలో ఒక ప్రతినిధి ఉండాలని అప్పటికే ఉత్తర్వు ఉంది. ప్రతినిధి స్థానిక నివాసి అయి ఉండాలి. ఏ పార్టీకీ చెందకూడదు. ఊళ్లో ఎవరికీ బంధువు కాకూడదు. అందరికీ తెలిసినవాడై ఉండాలి. వెదురుకుంటలో పాలు తాగే పిల్లల్లో కూడా పార్టీ లేనివాడు లేడు. ఇక చుట్టరికం చూస్తే ఊరంతా ఒకరికొకరు బావలే. భాగస్వామ్య సలహాదారుగా నగరం నుంచి వచ్చిన శర్వాణి మేడం ఊరంతా తిరిగి, అన్ని అర్హతలూ ఉన్న నివాసి ఒక్కరే దొరికారని తేల్చారు.

అది ఎద్దు కదా అని ప్రద్యుమ్నరావు గారు కొంచెం వెనకాడారు. ఆవిడ శాంతంగా చెప్పింది. "ఉత్తర్వులో నివాసి అని మాత్రమే ఉంది సార్. మనిషి అన్న షరతు ఎక్కడా లేదు. లేని షరతును మనమే విధిస్తే వివక్ష చూపినట్టవుతుంది."

వివక్ష అన్న మాటకు ఆయన హడలిపోయారు. మధ్యాహ్నానికల్లా ఆఫీసు జీపు సాయిలు గుడిసె ముందు ఆగింది.

సాయిలు ఒప్పుకోలేదు. ఇది తన నోటికాడి కూడు అన్నాడు, బిడ్డలెక్క పెంచుకున్నానన్నాడు, కాళ్లు పట్టుకున్నాడు. అధికారులు చాలా మర్యాదగా విన్నారు. ప్రతినిధి ఇష్టానికి విరుద్ధంగా ఏదీ చేయబోమని మాటిచ్చారు. ఆ తర్వాత ప్రద్యుమ్నరావు గారు బసవన్న ముందు నిలబడి, ప్రజాసేవకు సిద్ధమేనా అని అడిగారు.

బసవన్న తలూపింది. దానికి అలా తల ఊపడం నేర్పిన చేతులు సాయిలువే. ఆ చేతుల్ని ఏం చేసుకోవాలో తెలియక ఒళ్లో పెట్టుకుని కూర్చుండిపోయాడు.

ప్రమాణ స్వీకారం ఘనంగా జరిగింది. ప్రద్యుమ్నరావు గారి ఉపన్యాసంలో ఒక ముక్క వెదురుకుంటకు తర్వాత పనికొచ్చింది కాబట్టి అది ఇక్కడ చెప్పుకోవాలి. "ఈ మండలిలో ఏ పౌరుడైనా, ఏ సమావేశంలోనైనా, గౌరవ సభ్యుల్ని నేరుగా ప్రశ్న అడగవచ్చు. వారు తల ఊపిన క్షణమే అది తీర్మానం. దానిపై అప్పీలు లేదు. ప్రత్యక్ష ప్రజాస్వామ్యానికి ఇంతకంటే ఏం కావాలి?" అన్నారాయన. వెనక నిలబడ్డ బసవన్న ఈ ప్రశ్నకు కూడా తలూపింది. ఆఫీసువాళ్లు చప్పట్లు కొట్టారు. ఊరివాళ్లు ఆ మాటను పట్టించుకోలేదు. ఎద్దును అడిగి ఏం చేసుకుంటామని వాళ్లు పొలాలకు పోయారు.

బసవన్నకు జోనల్ ఆఫీసు పక్కనే రేకుల షెడ్డు వేసి, గుమ్మానికి పేరు పలక తగిలించారు. బొంత తీసేశారు. ఇతరులు వాడి వదిలేసిన వస్త్రాలు ధరించడం పదవి గౌరవానికి తగదట. దాని బదులు నగరపాలక సంస్థ ముద్ర ఉన్న బూడిదరంగు కోటు కుట్టించారు. గంటలు తీసేశారు, ఆఫీసు ఆవరణ నిశ్శబ్ద మండలం కాబట్టి. గడ్డి మాన్పించి, ప్రజాప్రతినిధుల ఆరోగ్యం దృష్ట్యా నానబెట్టిన ఓట్సు, కోసిన కీరదోస ముక్కలు పెట్టించారు. అది వాటిని వాసన చూసి మొహం తిప్పేసుకుంటే, మితాహారి అని మెచ్చుకున్నారు.

ఇక తీర్మానాలు మొదలయ్యాయి. కోళ్లు ఆఫీసు వేళలకు ముందు కూయడం సబబు కాదు కదా? బసవన్న తలూపింది. బర్రెలు తెల్లచారలు గీసిన చోటే రోడ్డు దాటాలి కదా? తలూపింది. తెల్లచారలు ఊరికి ఆ చివర గీశారు, చెరువేమో ఈ చివర ఉంది. అందువల్ల బర్రెలు ఎదురుగా కనిపిస్తున్న నీళ్ల కోసం ఊరంతా తిరిగి రావాల్సి వచ్చింది. వాటికి దారి చూపించడానికి ఈల వేసే సిబ్బందిని నియమించారు. ఈలకు బెదిరి బర్రెలు ప్రద్యుమ్నరావు గారి జీపు ఎక్కినంత పని చేశాయి. వాకిట్లో పేడనీళ్లు చల్లడం బహిరంగ ప్రదేశంలో వ్యర్థాలు పారవేయడమే కదా? దానికీ తలూపింది. ఎల్లవ్వ తెల్లారగట్ల వాకిట్లో సాన్పు చల్లుతుంటే ఇద్దరు ఉద్యోగులు వచ్చి ఫొటో తీసుకుని, జరిమానా కాగితం చేతిలో పెట్టి, సహకరించినందుకు ధన్యవాదాలు చెప్పి వెళ్లారు.

ఇది ఎవరి నిర్ణయమని ఊరు నిలదీసినప్పుడల్లా ఆఫీసు ఒకటే జవాబు చెప్పింది. మీ ప్రతినిధిదే. ఆయన మీవాడే కదా.

ఊరి కోపం ప్రద్యుమ్నరావు గారి దాకా పోలేదు. అంత దూరం పోయే ఓపిక ఎవరికుంది? దగ్గర్లో సాయిలు ఉన్నాడు, అతని మీద పడింది. డోలు వేసుకుని వాకిట్లో నిలబడితే తలుపులు మూసుకున్నాయి. నీ ఎద్దు తలకాయ ఊపబట్టే మా కోళ్లు గంపల కింద మగ్గుతున్నాయని ఒకరన్నారు. ఇంకొకరు తన పాత చీర తనకు ఇచ్చేయమన్నారు. ఎద్దు లేని గంగిరెద్దులవాడు ఎటూ కాని మనిషి. సాయిలు తినీ తినకా బతికాడు. అంతకంటే ఎక్కువగా బసవన్న కోసం బెంగపెట్టుకున్నాడు.

ప్రతినిధిని కలవడానికి ప్రజలకు సాయంత్రం ఒక గంట కేటాయించారు. సాయిలు రోజూ వరసలో నిలబడేవాడు. ఆ వరసలో అతనొక్కడే ఉండేవాడు, అయినా టోకెన్ తీసుకోమనేవాళ్లు. అద్దం తలుపు అవతల కోటు తొడుక్కున్న బసవన్న కనిపించేది. పక్కటెముకలు కోటు కింద నుంచి తెలిసిపోతున్నాయి. సాయిలును చూసి అది ముట్టెతో అద్దాన్ని తోసేది. అద్దం మీద తడి మరక పడేది. కాపలా మనిషి వచ్చి తుడిచేసేవాడు. సాయిలుకు ఏడుపు ఆగేది కాదు.

ఒకరోజు ప్రద్యుమ్నరావు గారి జీపుకు అడ్డంగా వెళ్లి నిలబడ్డాడు. "సారూ, బక్కచిక్కి సచ్చిపోయేటట్టున్నది. దానికి మీ సర్కారు కొలువు వద్దు. నా బసవన్నను నాకిస్తే నా తొవ్వ నేను పోత" అన్నాడు. ఆయన కోప్పడలేదు. సభ్యుల అభిప్రాయం తెలుసుకోకుండా మనమెలా నిర్ణయిస్తామని సాయిలును వెంటబెట్టుకుని షెడ్డుకు వెళ్లారు. సభ్యులు ఇక్కడే కొనసాగడానికి సుముఖమేనా అని అడిగారు. ఎముకల గూడు లాంటి మెడ మీద తల కిందికీ మీదికీ కదిలింది.

"చూశావుగా. ప్రజాజీవితం ఒకసారి అలవాటైతే ఎవరూ వదులుకోరయ్యా" అన్నారాయన, స్వానుభవం ఉన్నవాడిలా.

వర్షాలు పడ్డాక అసలు సమావేశం వచ్చింది. మండలి పనితీరు చూడటానికి నగరం నుంచి పెద్ద అధికారి వస్తున్నారు, వెంట పేపర్లవాళ్లు, కెమెరాలు. ఆరోజు చర్చించేది ఊరి బీడు. ఊరి పశువులన్నీ మేసే ఆ బీడుకు కంచె వేసి, ప్రకృతి వనం చేసి, నగరవాసులు వచ్చి పచ్చగడ్డిని చూసుకునే ఏర్పాటు చేయాలని ప్రతిపాదన. చూసే గడ్డిని తినకూడదు కాబట్టి పశువులకు ప్రవేశం లేదు.

బడి ముందు మళ్లీ షామియానా లేచింది. ఈసారి ఊరంతా వచ్చింది, బీడు పోతే పశువుల్ని అమ్ముకోవడం తప్ప దారి లేదు. సాయిలు డోలు తీసుకుని వచ్చి ముందు వరసలో కూర్చున్నాడు. వేదిక మీద కోటు వేసుకున్న బసవన్నను నిలబెట్టారు. ప్రద్యుమ్నరావు గారు గొంతు సవరించుకుని, బీడుకు కంచె వేయడం గౌరవ సభ్యులకు సమ్మతమేనా అని సాగదీశారు.

సాయిలు డోలు అంచు మీద పుల్లతో టకటకా కొట్టాడు.

బసవన్న చెవులు రిక్కించింది. తల అడ్డంగా తిప్పింది. ఇటు, అటు, మళ్లీ ఇటు. వద్దన్నది మనోడు అని ఎవరో గొణిగారు. సాయిలు గుండె పొంగింది.

నగరం నుంచి వచ్చిన పెద్దాయన కనుబొమలెత్తి ప్రద్యుమ్నరావు గారి వైపు చూశారు. ఆయన శర్వాణి మేడం వైపు చూశారు. తిరస్కరిస్తే ఏం చేయాలో నియమావళిలో లేదు. అలాంటిది జరుగుతుందని రాసినవాళ్లు అనుకోలేదు. మేడం ఒక్క క్షణం కూడా తడబడలేదు. "తలను అడ్డంగా ఊపడం మన ప్రాంతపు దేహభాషలో వినయంతో కూడిన అంగీకారం సార్. సభ్యులు మామూలు సమ్మతిని దాటి, గాఢమైన సమ్మతిని వ్యక్తం చేశారు" అంది. పెద్దాయన తృప్తిగా చేయి ఊపారు. బీడు తీర్మానం గాఢంగా ఆమోదం పొందినట్టు మైకులో ప్రకటించారు.

సాయిలు చేతిలో పుల్ల జారిపోయింది. ఔనన్నా ఔనే, కాదన్నా ఔనే. ఇక ఆ మూగజీవి ఏ భాషలో మొత్తుకోవాలి? అతనికి మొదటిసారి కోపం వచ్చింది. కోపం అలవాటు లేని మనిషి కావడంతో దాన్ని ఏం చేయాలో తెలియక లేచి నిలబడ్డాడు.

పక్కనున్న ఎల్లవ్వ అతని మోచేయి పట్టుకుంది. "ఎటు ఊపినా ఔననుడే అయితే, మనం గూడ అడుగుదాం బిడ్డా. ఎవరన్న అడగొచ్చని ఆ సారే చెప్పె గదా."

సాయిలు వేదిక దగ్గరికి నడిచాడు. ఇంతకాలం అద్దం అవతలి నుంచి చూసిన మొహం ఇప్పుడు చేతికి అందేంత దగ్గరలో ఉంది. అడగాల్సినవి చాలా ఉన్నాయి కానీ అతని నోటికి ఒక్కటే వచ్చింది. ప్రతి ఊళ్లో, ప్రతి సాయంత్రం, ఆట అయిపోయాక అడిగే మాటే.

"ఇంటికి పోదమా, బసవన్నా?"

బసవన్న తలూపింది. ఒకసారి ఊపి ఆగలేదు. కొమ్ములు మైకుకు తగిలి అది పడిపోయేదాకా ఊపింది. ఊపుతూనే వేదిక మెట్లు దిగి వచ్చి సాయిలు భుజం మీద ముట్టె ఆనించింది.

ఇది సభా మర్యాదకు విరుద్ధమని ప్రద్యుమ్నరావు గారు లేచారు. కెమెరాలు ఆయన వైపు తిరిగాయి. పెద్దాయన ఆయన చొక్కా అంచు పట్టుకుని కూర్చోబెట్టి, ఇది చెల్లదంటే ఇంతవరకు ఊపినవేవీ చెల్లవు, అవన్నీ మన విజయాలుగా పైకి పంపేశాం అని చెవిలో చెప్పారు. ఆ గుసగుస సగం ఊరికి వినిపించింది.

ఆ తర్వాత ఊరు ఆగలేదు. ఎల్లవ్వ ముందుకొచ్చి, "వాకిట్ల సాన్పు జల్లుకోవచ్చునా కొడుకా?" అని అడిగింది. బసవన్న తలూపింది. కోళ్లవాళ్లు కోళ్ల గురించి అడిగారు, బర్రెలవాళ్లు తెల్లచారల గురించి అడిగారు. బీడు మళ్లీ మాకేనా అని ఊరు ఊరంతా ఒక్క గొంతుతో అడిగింది. అన్నింటికీ తలూపింది. వెనక నుంచి ఎవరో ఈ సారును ఇంకో ఊరికి పంపుదామా అని కూడా అడిగారు. ప్రద్యుమ్నరావు గారు కళ్లు మూసుకున్నారు. బసవన్న దయగల ఎద్దు అయినా శిక్షణ శిక్షణే కదా, తలూపింది.

సాయిలు అక్కడికక్కడే కోటు విప్పి నేల మీద పడేసి, ఎద్దును బీడుకు తోలుకుపోయాడు. అది తల వంచి గడ్డి పీకుతుంటే ఆ చప్పుడు వింటూ, దాని వీపు మీద చెయ్యేసి, చీకటి పడేదాకా కదల్లేదు. బొంత మళ్లీ ఎక్కింది. చీర తిరిగి ఇచ్చేయమన్న ఆవిడే ఇంకో చీర తెచ్చి కప్పింది.

నగరం పాఠం నేర్చుకుంది. నగరం నేర్చుకునే పాఠాలు ఎప్పుడూ వేరేగా ఉంటాయి. సభ్యుణ్ణి ఎవరు అడిగినా తలూపడమే లోపమనీ, వేదిక మీద ఉన్నవాళ్లకు మాత్రమే తలూపాలనీ ఒక నివేదిక తేల్చింది. ప్రాణమున్నదానితో ఆ హామీ దొరకదు. అందుకని ఊరి నడిబొడ్డున సిమెంటు బసవన్నను కట్టించారు. మెడలో మోటారు, ప్రద్యుమ్నరావు గారి చేతిలో రిమోటు. ఆయన్ని వేరే ఊరికి పంపాలన్న తీర్మానం ఇంకా పరిశీలనలోనే ఉంది. గడ్డి అక్కర్లేని, ఇంటికి పోతానని అనలేని ఆ విగ్రహానికి బొంత చీరల్ని కూడా రంగులతోనే వేశారు.

ఆవిష్కరణకు పెద్దాయన మళ్లీ వచ్చారు. మొదటి తీర్మానం పాతదాని లాంటిదే, రోడ్డు మీద పేడ నిషేధం. ప్రద్యుమ్నరావు గారు గొంతు సాగదీసి అడిగి, రిమోటు నొక్కారు. సిమెంటు తల పైకి లేచింది. అప్పుడే కరెంటు పోయింది. తల ఆకాశంలోకి చూస్తూ అలాగే ఆగిపోయింది, ఔననీ కాదు, కాదనీ కాదు.

ఆ దారినే సాయిలు ఆట ముగించుకుని వస్తున్నాడు. బసవన్న విగ్రహం ముందు ఆగింది. దాన్ని పైకీ కిందికీ చూసి, తోక ఎత్తి, నిదానంగా తన పని తాను కానిచ్చింది. జరిమానా రాసే ఉద్యోగి పెన్ను తీశాడు కానీ, తీర్మానం ఇంకా గాల్లోనే ఉంది. రాయడానికి వీల్లేక పెన్ను మూసేశాడు. ఎల్లవ్వ తట్ట తెచ్చి, పొద్దున సాన్పుకు పనికొస్తుందని దాన్ని ఎత్తుకుంది.

పెద్దాయనకు చిరాకెత్తింది. కరెంటు ఇప్పుడే వస్తుందా అని ప్రద్యుమ్నరావు గారిని అడిగారు. ఆయన తలూపారు. మోటారు బాగానే పనిచేస్తుందా అని అడిగారు. తలూపారు. ఇదంతా ఆలోచించే చేశారా అని అడిగారు. దానికీ తలూపారు.

తట్ట నడుముకు ఆనించుకుని నిలబడ్డ ఎల్లవ్వ ఆయన్ని తేరిపార చూసింది.

"గీ సారుకు కరెంటు గూడ అక్కర్లేకపాయె. ఇగ ఆ బొమ్మెందుకు కట్టిన్రు?" అంది సాయిలుతో.

సాయిలు డోలు భుజానికి తగిలించుకుని, ఇంటికి పోదమా అని బసవన్నను అడిగాడు.